లెక్క వేలం రోజు నుంచి

కోర్టు వెనక వీధిలో జిరాక్సు షాపుకీ టీ కొట్టుకీ నడుమ, మేడమెట్ల కింద మిగిలిపోయిన ముక్కోణపు జాగాలో తాళాలాయన దుకాణం ఉంటుంది. దుకాణమంటే పెద్దగా ఊహించుకోకండి. ఒక మనిషి కూర్చుంటే నిండిపోతుంది, లేచి నిలబడితే మెట్టు నెత్తికి తగులుతుంది. గోడనిండా మేకులకి ఇంకా పళ్ళు కొయ్యని తాళంచెవులు గుత్తులు గుత్తులుగా వేలాడుతుంటాయి. బల్ల మీద చెవులు కోసే మిషను, పక్కన రకరకాల ఆకురాళ్ళు, చుట్టూ ఇత్తడి పొడి. ఆ పొడి ఆయన గోళ్ళలోనూ కనుబొమల్లోనూ చొక్కా జేబులోనూ ఎప్పుడూ మెరుస్తూనే ఉంటుంది.

వీధిలోవాళ్ళు ఆయన్ని ఎదురుగా తాళాలాయన అంటారు, చాటుగా ఆకురాయి అంటారు. ఆ పేరు పెట్టినవాడెవడో గానీ చక్కగా పెట్టాడు. ఆయనతో రెండు నిమిషాలు మాట్లాడితే ఎవరికైనా పైతోలు కాస్త లేస్తుంది. "తాళంచెవి పోయిందండీ" అని ఎవరైనా వస్తే "పోయింది తాళంచెవా, మతా?" అని మొదలుపెడతాడు. బేరమాడితే "మీ ఇంట్లో దొంగ ఎత్తుకుపోయేదాని కంటే ఎక్కువ అడిగానా?" అంటాడు. నోరు అలాంటిది, చెయ్యి మాత్రం మెత్తన. మొరాయించిన తాళాన్ని చెవి దగ్గర పెట్టుకుని, సన్నటి కమ్మీ లోపలికి పోనిచ్చి, ఏడ్చే పిల్లని బుజ్జగించినట్టు తిప్పుతూ కూర్చుంటాడు. ఆ కాసేపూ వీధి ప్రశాంతంగా ఉంటుంది.

ఆయనకి ఇంకో పని కూడా ఉంది. జరిగిందంతా ఆ పని వల్లే జరిగింది. అప్పు తీర్చలేనివాళ్ళ ఇళ్ళని కోర్టు వేలం వేస్తుంది కదా, వేలంలో కొన్నవాడికి ఇల్లు అప్పగించే రోజున కోర్టు అమీనా ఆర్డరు కాగితం పట్టుకుని వెళతాడు. లోపలివాళ్ళు తలుపు తీస్తే సరే, తియ్యకపోతే పగలగొట్టాలి. పగలగొడితే మంచి తలుపు పాడైపోయిందని కొన్నవాడు గోల పెడతాడు. అందుకని అమీనా వెంట తాళం తీసేవాడొకడు ఉండాలి. ఇప్పటి అమీనా ఉద్యోగంలో చేరిన కొత్తలోనే తాళాలాయన్ని పట్టుకున్నాడు. బాబాయ్, బాబాయ్ అంటూ వెంట తిప్పుకున్నాడు. అంతకుముందున్న అమీనాలూ ఆయన్నే పిలిచేవారు. నెలకి ఒకటో రెండో తలుపులు. కూలి కొన్నవాడు అక్కడికక్కడే చేతిలో పెడతాడు.

ఈ పనికి ఆయన ఒక పద్ధతి పెట్టుకున్నాడు. తాళం వైపు తప్ప మనుషుల వైపు చూడకూడదు. ఆ వీధిలో అడుగు పెట్టగానే తల వంచుకుంటాడు, గుమ్మం ముందు మోకాళ్ళ మీద కూర్చుంటాడు, గడియ జారిందో లేదో సంచి భుజాన వేసుకుని మలుపు తిరిగేదాకా వెనక్కి చూడడు. లోపలి నుంచి ఏడుపు వినిపిస్తే నడక ఇంకాస్త పెంచుతాడు. "పాపం కాదటయ్యా?" అని ఎవరైనా అంటే ఆయనకి ఒళ్ళు మండుకొచ్చేది. "నేను తియ్యకపోతే గునపంతో తీస్తారు. అప్పుడు మీకేమన్నా పుణ్యం వస్తుందా?" అని ఎదురు తగులుకునేవాడు.

ఇరవై ఏళ్ళకి పైగా ఇలా తలుపులు తీశాక, కోర్టు సంగతులు తనకి క్షుణ్ణంగా తెలుసని ఆయనకొక నమ్మకం పాతుకుపోయింది. ఆయనెరిగిన కోర్టు ఏమిటంటే, ఎవరో అప్పు తీర్చరు, ఏవో కాగితాలు ఏళ్ళ తరబడి ఈ బల్ల మీద నుంచి ఆ బల్ల మీదకి తిరుగుతాయి, చివరికి ఒకనాడు అమీనా వచ్చి "బాబాయ్, రేపు పొద్దున్నే" అంటాడు. అసలు పని అప్పుడు మొదలవుతుంది. అంతకుముందు జరిగేదంతా గుమస్తాల కాలక్షేపం. తీరా గుమ్మం దాకా వెళ్ళాక ప్లీడరెవరో రొప్పుతూ వచ్చి స్టే ఆర్డరు చూపిస్తే, అమీనా వెనుదిరగడం, కూలి దక్కక తను తిట్టుకుంటూ ఇల్లు చేరడం ఆయనకి చాలాసార్లు అనుభవమే. తాళం మీద తన చెయ్యి పడేదాకా ఏదీ అయిపోయినట్టు కాదని అలా నేర్చుకున్నాడు. ఎవరూ నేర్పలేదు, తనకి తనే నేర్చుకున్నాడు, అదే కొంప ముంచింది.

ఆయనకి ఒక్కతే చెల్లెలు. రెండు వీధుల అవతల రెండు గదుల ఇల్లు, ముందు రేకుల వసారా. ఆ వసారాలో ఆమె అట్టపెట్టెలు చేసి చెప్పుల షాపులకీ బేకరీలకీ వేస్తుంది. అట్టని కొలిచి గీత కొట్టి, మడత పడాల్సిన చోట మొద్దుకత్తితో నొక్కి, ఠపఠపా మడిచి పక్కన పడేస్తుంది. మాట్లాడుతూనే మడుస్తుంది, పోట్లాడుతూనే మడుస్తుంది. చేతులు ఆగాయంటే ఏదో పెద్ద కష్టం వచ్చిందని అర్థం.

భర్త ఉన్న రోజుల్లో అట్టల షావుకారు దగ్గర సరుకు అరువు తెచ్చేవాడు. ఒక పెద్ద ఆర్డరు వచ్చిందని సంబరపడి పెద్ద అరువే తెచ్చాడు. ఆర్డరిచ్చిన కంపెనీ మూతపడింది. ఆ దిగులుతోనే మంచం పట్టి పోయాడు. అతను ఇంకా మంచంలో ఉండగానే షావుకారు కోర్టుకెక్కాడు. ఆమె ఆస్పత్రికీ ఇంటికీ మధ్య తిరుగుతున్న రోజుల్లో కేసు ఎప్పుడు పిలిచారో ఎప్పుడు ముగించారో ఆమెకి తెలియనే తెలియదు. ఎవరూ హాజరు కాలేదు గనక షావుకారు అడిగిందంతా కోర్టు రాసిచ్చేసింది. డబ్బు కట్టలేదు గనక ఇంటిని వేలానికి పెట్టింది.

వేలానికి ముందు ఆ ఇంటి మీద నోటీసు అంటించాలి, వీధిలో చాటించాలి. రెండూ చేశామని కోర్టు కాగితాల్లో ఉంది. ఆమె తలుపు మీద మాత్రం ఏనాడూ ఏ కాగితమూ లేదు, ఆ వీధిలో ఎవరి గొంతూ వినబడలేదు. పాట పాడింది ఇద్దరే, అందులో ఒకడు షావుకారు మనిషి. ఇంటికి సగం ధర కూడా పలకలేదు. ఇదంతా ఆమెకి చెప్పింది ఎదురింటి దర్జీ. నల్లకోట్లు కుట్టి ఇవ్వడానికి కోర్టుకి వెళ్ళినవాడు అక్కడ ఎవరో అనుకుంటుంటే విని, ఆ వారంలోనే వచ్చి "మీ ఇల్లు పాటలో పోయిందంటున్నారమ్మా" అన్నాడు.

ఆమె మడుస్తున్న పెట్టెని అలాగే వదిలేసి అన్న దుకాణానికి పరిగెత్తింది.

"అన్నయ్యా, మా ఇల్లు అమ్మేశారట."

"ఎవడన్నాడు?"

"దర్జీ."

"వాడికి గుండీలూ కాజాలూ తెలుసు. కోర్టు సంగతి వాడికేం తెలుసు?"

"వేలం అయిపోయిందట అన్నయ్యా. ఎవరన్నా ప్లీడరు దగ్గరికి పోదాం పద."

"కూర్చో ముందు. వేలం అంటే ఏమనుకున్నావు? కాగితం మీద పాట. దాని తర్వాత ఇంకా బోలెడుంది. ఇల్లు అప్పగించమని ఆర్డరు రావాలి, అది అమీనా చేతికి రావాలి, అమీనా నా దగ్గరికి రావాలి. నన్ను కాదని నీ తలుపు తీసే మొనగాడెవడు? ఆర్డరు వచ్చిన గంటలో నాకు తెలుస్తుంది. అప్పుడు ప్లీడర్ని పెడదాం, స్టే తెద్దాం. ఇప్పుడే వెళ్తే ఊరికే ఫీజులు గుంజుతారు."

"ఏమో అన్నయ్యా, నాకు భయంగా ఉంది."

"ఇరవై ఏళ్ళ నుంచి చూస్తున్నాను. నీకు తెలుసా, నాకు తెలుసా?"

అన్నకే తెలుసనుకుంది. తండ్రి పోయినప్పటి నుంచి తన మంచిచెడ్డలు చూసింది ఆయనే మరి. ఇంటికి వెళ్ళి వదిలేసిన పెట్టెని మడిచింది.

చెప్పినమాట ఆయన గాలికి వదిలెయ్యలేదు. ఆ సంగతి మాత్రం చెప్పుకోవాలి. అమీనా పని మీద వచ్చినప్పుడల్లా, సంచి సర్దుకోక ముందే, టీ కొట్టు ముందు నలుగురూ వినేలా "ఏరా, వేలంలో పోయిన మా చెల్లెలి ఇల్లు నీ లిస్టులో ఉందా?" అని అడిగేవాడు. అమీనా తన కాగితాలు తిరగేసి "లేదు బాబాయ్" అనేవాడు. లేదు, నిజంగానే లేదు. అమీనా అబద్ధం చెప్పలేదు. అడిగినదానికి జవాబు చెప్పాడు, అడగనిది చెప్పలేదు. "చూశావా, మనల్ని దాటి ఏదీ పోదు" అని ఆయన టీ కొట్టువాడి ముందు మీసం దువ్వుకునేవాడు.

వానలు పట్టుకున్నాక ఒకరోజు అమీనా వచ్చి కాగితాలు తియ్యకుండానే నిలబడ్డాడు. "వచ్చింది బాబాయ్" అన్నాడు.

ప్లీడరమ్మ ఆఫీసు రెండో అంతస్తులో. ఫైళ్ళు కుర్చీల్లో కూర్చుంటే మనుషులు నిలబడాలి. వయసులో చిన్నది, జలుబు చేసి ఉంది, మాటల్లో డొంకతిరుగుడు లేదు. తాళాలాయన వెళ్తూనే, "వచ్చే వారం తలుపు తీస్తారటమ్మా, ఇంకా టైముంది, స్టే తెప్పించండి" అన్నాడు.

"వేలం ఎప్పుడు జరిగింది?"

"తలుపు తీసేది వచ్చే వారం."

"తలుపు సంగతి అడగలేదండీ. వేలం ఎప్పుడు?"

"ఎండలు మొదలైనప్పుడు" అంది చెల్లెలు. కిటికీ బయట వాన దంచికొడుతోంది. ప్లీడరమ్మ అటు చూసి, కలానికి మూత పెట్టేసింది.

"వేలాన్ని రద్దు చెయ్యమని అడగడానికి రెండు నెలలు గడువు. లెక్క వేలం జరిగిన రోజు నుంచి. ఇల్లు అప్పగించే రోజు నుంచి కాదు. ఆ రెండు నెలల్లో బాకీ మొత్తం, దాంతోపాటు కొన్నవాడికి కొంత నష్టపరిహారం కట్టేస్తే ఇల్లు మీకే మిగిలేది. కట్టలేకపోయినా, నోటీసు అంటించలేదు, ధర సగం కూడా రాలేదు అని పిటిషను వేస్తే కోర్టు వినేది. మీ కేసు చాలా గట్టిగా ఉండేది."

"ఉండేది ఏంటమ్మా? ఉంది కదా?"

"గడువు దాటిపోయిందండీ."

"ఆలస్యమైంది, క్షమించండి అని అడుగుదాం. మొగుడు పోయిన మనిషి."

"ఈ విషయంలో ఆలస్యాన్ని క్షమించే అధికారం జడ్జికే లేదు."

తాళాలాయన గొంతు కింద అంతస్తుకి వినబడింది. "అంటే ఏంటి? చెప్పాపెట్టకుండా కొంప అమ్మొచ్చు, దానికి అడ్డు లేదు. అమ్మారురా బాబూ అని మొత్తుకోవడానికి మాత్రం గడువా? బజార్లో కొన్న చెప్పు తెగితే ఆర్నెల్లకి వెళ్ళినా మార్చి ఇస్తాడు కదమ్మా! ఇల్లు చెప్పుపాటి చెయ్యదా?"

ప్లీడరమ్మ ఆయన అరిచిందంతా అరవనిచ్చింది. ముక్కు తుడుచుకుని, "ఒక్క సందు ఉంది" అంది. "వాళ్ళు మోసం చేసి, వేలం సంగతి మీకు తెలియకుండా దాచారని రుజువు చేస్తే, రెండు నెలల లెక్క మీకు తెలిసిన రోజు నుంచి మొదలవుతుంది. అందుకని ఒక్కటే అడుగుతున్నాను, నిజం చెప్పండి. వేలం అయిందని మీకు ఎప్పుడు తెలిసింది?"

చెల్లెలు నోరు తెరిచేలోగా ఆయన "మొన్ననే" అన్నాడు. "అమీనా చెప్పాకే తెలిసింది."

"మిమ్మల్ని కాదు. అమ్మా, మీరు చెప్పండి."

చెల్లెలు అన్న ముఖంలోకి చూసింది. తర్వాత తన చేతుల వైపు చూసుకుంది. "అన్నయ్య చెప్పిందే" అంది.

మెట్లు దిగుతూ "అబద్ధం ఎందుకు చెప్పావు?" అని అడిగింది.

"అంటించని నోటీసు అంటించామని వాళ్ళు రాసుకోలేదా? వాళ్ళ అబద్ధానికి సీలు ఉంది, నా దానికి లేదు, అంతే తేడా. నువ్వు నోరెత్తకు."

పిటిషను వెయ్యడంతో అప్పగింత కొన్నాళ్ళు ఆగింది. ఆ కొన్నాళ్ళూ తాళాలు బాగు చేసేటప్పుడు కూడా ఆయన నోరు మూతపడటం మానేసింది. రెండు ఆకురాళ్ళు విరిగాయి.

విచారణ రోజున చెల్లెలు బయట నీళ్ళకుండీ దగ్గరే ఆగిపోతే చెయ్యి పట్టుకుని లోపలికి తీసుకెళ్ళాడు. ముందు నోటీసులు అంటించే బంట్రోతుని బోనెక్కించారు. ప్లీడరమ్మ ఏ మాత్రం గొంతు పెంచకుండా, ఆ ఇంటి తలుపు ఎలాంటిదని అడిగింది. రెండు రెక్కల చెక్కతలుపు, దాని మీదే అంటించాను అన్నాడు బంట్రోతు. ఆ ఇంటికి మొదటి నుంచీ ఉన్నది ఒంటిరెక్క ఇనపతలుపు. ప్లీడరమ్మ దాని ఫొటో సంచిలోంచి తీసి జడ్జి ముందు పెట్టింది. బంట్రోతు నీళ్ళు నమిలాడు. తాళాలాయన బెంచీ మీద ముందుకి జరిగి, "అయిపోయాడు దొంగవెధవ" అని చెల్లెలి చెవిలో అన్నాడు. ఆమె ముఖంలో ఎన్నో నెలల తర్వాత కాస్త వెలుగు వచ్చింది.

అప్పుడు షావుకారు ప్లీడరు లేచాడు. పెద్దాయన, మర్యాదస్తుడు, నెమ్మదిగా అమీనాని పిలిపించి ప్రమాణం చేయించాడు.

"తాళాలు బాగు చేసే ఈ పెద్దమనిషి మీకు తెలుసా?"

"తెలుసండి. మా బాబాయ్ లాంటివాడు."

"వేలం అయ్యాక ఈ ఇంటి గురించి మిమ్మల్ని ఎప్పుడైనా అడిగారా?"

అమీనా తాళాలాయన వైపు చూశాడు. చూపు దించుకున్నాడు. "ప్రతి నెలా అడిగేవాడండి."

"ఏమని అడిగేవారు?"

"వేలంలో పోయిన మా చెల్లెలి ఇల్లు నీ లిస్టులో ఉందా, అని."

"ఒరేయ్!" అంటూ తాళాలాయన లేచాడు. అది నీతి లేనివాడా అని తిట్టబోయాడో, అలా చెప్పకురా అని బతిమాలబోయాడో ఆయనకే తెలియదు. మళ్ళీ మాట్లాడితే బయటికి పంపిస్తానని జడ్జి అన్నాడు. నెలల తరబడి తను కాసిన కాపలా తన నెత్తి మీదే పడింది. చెల్లెలి ఇల్లు మరిచిపోయి ఊరుకుని ఉంటే గెలిచేవాడు. పట్టించుకున్నందుకు పట్టుబడ్డాడు.

జడ్జి చెల్లెల్నే నేరుగా అడిగాడు. "మీకు ఎప్పుడు తెలిసిందమ్మా?"

ఆమె నిలబడింది. "వేలం జరిగిన వారంలోనే తెలిసిందయ్యా" అంది. పిటిషను వేసినప్పటి నుంచి మోస్తున్న బరువు దించుకున్నట్టు మళ్ళీ కూర్చుంది.

తీర్పు చిన్నదే. నోటీసు అంటించారని నమ్మడం కష్టమని జడ్జి చదివాడు. ధర చాలా తక్కువన్న మాటలోనూ నిజముందని చదివాడు. అయితే వేలం సంగతి వెంటనే తెలిసి కూడా గడువులోగా రాలేదు గనక ఆ విషయాల్లోకి వెళ్ళే వీలు లేదని, పిటిషను కొట్టివేస్తున్నానని చదివాడు. నమ్మడం కష్టమేనట! కష్టమైనా బంట్రోతు రాసిన అబద్ధం చెక్కుచెదరకుండా ఉంది. సులువుగా నమ్మగలిగిన నిజం చెప్పిన ఆడమనిషి మాత్రం ఇంట్లోంచి బయటికి నడవాలి. అంతా చూసి, అంతా ఒప్పుకుని, మర్యాదగా ఫైలు మూసేశారు. చూడకుండా మూసేసినా ఇంత కడుపు మండేది కాదు.

ఆ రోజు తాళాలాయన తిట్టని మనిషి లేడు. కోర్టు వరండాలో షావుకారుని తిట్టాడు, మెట్ల మీద ప్లీడరమ్మని తిట్టాడు, గేటు దగ్గర సైకిళ్ళు కాసేవాణ్ణి కూడా తిట్టాడు. దర్జీని ఎందుకు చెప్పావని తిట్టాడు. అందరూ అయ్యారు, తను తప్ప.

అప్పగింతకి రెండు రోజుల ముందు అమీనా దుకాణం దగ్గరికి వచ్చి మెట్టుకి అవతలే నిలబడ్డాడు. "ఈసారి నిన్ను పిలవను బాబాయ్. వేరేవాణ్ణి తీసుకెళ్తాను."

"ఏ ముఖం పెట్టుకుని వచ్చావురా? నలుగురిలో నన్ను అమ్మేశావు."

"ప్రమాణం చేయించి అడిగితే ఏం చెప్పమంటావు? నువ్వు ప్రతిసారీ లిస్టు అడిగావు, లిస్టు చెప్పాను. ఒక్కసారన్నా గడువు ఎప్పటిదాకా అని అడిగుంటే అదీ చెప్పేవాణ్ణి కదా."

తాళాలాయన చేతికందిన గుత్తి విసిరాడు. అది గోడకి తగిలి, తాళంచెవులు వీధిలో చెల్లాచెదురయ్యాయి. అమీనా వంగి ఒక్కొక్కటే ఏరి, బల్ల మీద పెట్టి వెళ్ళిపోయాడు.

అప్పగింత రోజున ఆయన పిలవకుండానే వెళ్ళాడు. గుమ్మానికి అడ్డంగా పడుకుంటానని, తనని దాటుకుని వెళ్ళమంటానని దారిపొడుగునా గొణుక్కుంటూ వెళ్ళాడు. తీరా చూస్తే ఇనపతలుపు బార్లా తెరిచి ఉంది. గదులు ఊడ్చి ఉన్నాయి. వసారాలో అట్టముక్క కూడా లేదు. చెల్లెలు తెల్లారకముందే సామాను తను పెట్టెలు వేసే బేకరీ మీద అద్దెగదికి చేర్చేసుకుంది. ఎలాంటి అడ్డంకీ లేకుండా అప్పగించాం అని అమీనా రాసుకున్నాడు. ఇల్లు కొన్న ఆసామి, పాట పాడిన రెండోవాడు, ఊరికి కొత్త, కోర్టుకీ రాలేదు, ఎవరినీ ఎరగడు. సంచి చూసి దగ్గరికి వచ్చాడు.

"మీరేనా తాళాలాయన? మంచి తాళం ఒకటి వెయ్యండి. పాతవాళ్ళ దగ్గర తాళంచెవి ఉండిపోయిందేమో, ఎందుకొచ్చిన గొడవ?"

తాళాలాయన ఆ మనిషి ముఖంలో ఎగతాళి వెతికాడు. ఏమీ లేదు, అందరూ అడిగేదే అడిగాడు. సంచి భుజాన సర్దుకుని అక్కడి నుంచి వచ్చేశాడు.

బేకరీ మీద గది ఎక్కేసరికి చెల్లెలు నేల మీద కూర్చుని పెట్టెలు మడుస్తోంది. గదిలో వేడి. ఆయన గుమ్మంలోనే మొదలుపెట్టాడు. షావుకారు ఎలాంటి నీచుడో, అమీనా ఎంత విశ్వాసం లేనివాడో, రెండు నెలలు అనే లెక్క పెట్టినవాడి ఇల్లు ఎలా కూలాలో వరసగా చెప్పుకుపోయాడు. ఆమె చాలాసేపు విన్నది. చేతులు ఆగాయి.

"అన్నయ్యా, ఇన్నేళ్ళూ ఎన్ని ఇళ్ళ తలుపులు తీశావు?"

"లెక్కెవడికి తెలుసు?"

"ఆ ఇళ్ళలో వాళ్ళని ఒక్కరినైనా అడిగావా, మీ ఇల్లు ఎప్పుడు అమ్మారు, అమ్మినట్టు మీకు తెలుసా, తెలిస్తే ఎందుకు ఊరుకున్నారు అని? ఒక్కరిని అడిగున్నా నీకు ఈ గడువు సంగతి అప్పుడే తెలిసేది. నా ఇల్లు నాకు ఉండేది."

ఈసారి ఎవరిని తిట్టాలో ఆయనకి తోచలేదు. కిందికి దిగి వచ్చాడు.

తర్వాత చాలా రోజులు అమీనా పిలిచినా వెళ్ళలేదు. నీకో దండం, నీ కోర్టుకో దండం అని పంపించేశాడు. అలా పంపిస్తుంటే, ఒక పొద్దున అమీనా ఇంకొకణ్ణి చూసుకుంటానని వెనుదిరిగేసరికి ఏమనుకున్నాడో, సంచి తీసుకుని "ఆగరా, వస్తున్నా" అన్నాడు.

మిల్లు వెనక సందులో చిన్న పెంకుటిల్లు. కొన్నవాడు బయట స్కూటరు మీద కూర్చుని తొందరపెడుతున్నాడు. లోపల గడియ వేసి ఉంది. తాళాలాయన మోకాళ్ళ మీద కూర్చోలేదు. తలుపు తట్టాడు. మళ్ళీ తట్టాడు. "ఇదేంటి బాబాయ్ కొత్తగా?" అని అమీనా గొణిగాడు. కాసేపటికి చేతికి సబ్బునురగతో, బట్టలుతుకుతూ లేచి వచ్చిన ఆడమనిషి తలుపు ఓరగా తీసింది. ఆయన ఆమె ముఖంలోకి సూటిగా చూశాడు.

"అమ్మా, ఈ ఇల్లు వేలంలో అమ్మేశారు. ఎప్పుడు అమ్మారో నీకు తెలుసా?"

"వేలమా?" అందామె. "నీళ్ళ పన్ను బాకీకి వచ్చారనుకున్నాను. ఎవరి ఇల్లు?"

"నీ ఇల్లేనమ్మా. నోటీసు అంటించారా? ఎవరన్నా వచ్చి చెప్పారా?"

"ఎవరూ రాలేదే. అమ్మేశారా? ఎవరు? ఎవరు అమ్మారు?"

తాళాలాయన సంచి నేల మీద దబ్బున పడేశాడు. సందులో తలుపులన్నీ తెరుచుకునేంత గట్టిగా అరిచాడు.

"ఈరోజు తారీఖు గుర్తుపెట్టుకో తల్లీ! నీకు ఇవాళే తెలిసింది. ఇప్పుడే, నా ముందు తెలిసింది, నేను సాక్షిని. ఆ సబ్బు కడుక్కుని ఈ క్షణమే ప్లీడరు దగ్గరికి నడు, రేపు అనకు, నన్ను చూసి బుద్ధి తెచ్చుకో. రేయ్ అమీనా, నువ్వూ విన్నావు కదా? ఆమె అన్న మాట అన్నట్టు నీ కాగితం మీద రాయి. రేపు బోనెక్కించి అడిగితే నా మీద చెప్పినట్టే ఈ మాట కూడా చెప్పాలి నువ్వు. రాస్తావా లేదా?"

అమీనా స్కూటరు మీదున్న మనిషి వైపు ఒకసారి చూసి, పెన్ను కోసం జేబు తడుముకున్నాడు.